సక్రి మీద సక్రి నోటీసు

మా బజారుకు వస్తే ఏమైనా కొనుక్కోండి, ఎవరితోనైనా మాట్లాడండి. "ఈ మడిగె ఎవరిది?" అని మాత్రం అడగకండి. అడిగితే ఆ దుకాణపు గదిలో కూర్చున్న మనిషి గల్లాపెట్టె వైపు ఒకసారి, మీ వైపు ఒకసారి చూసి, "మీకేం కావాలె?" అంటాడు. నేనూ అంతే అంటాను. నాది జిరాక్స్ షాపు, సక్రి రొట్టెల మడిగెకు సరిగ్గా ఎదురుగా. పేరు వెంకన్న, మాది మరిపెడ. బతకడానికి పదహారేళ్ళ కిందట ఈ ఊరు వచ్చాను. నా షాపు ఎవరి పేరు మీద ఉందో తర్వాత చెబుతాను. చెప్పాలని లేదు గానీ, చెప్పకుండా ఈ కథ సాగదు.

మహబూబాబాద్ జిల్లాలో మా మండలం ఏజెన్సీ కిందికి వస్తుంది. ఇక్కడ భూమి గిరిజనులే కొనాలి, గిరిజనులకే అమ్మాలి. చట్టం అట్లా ఉంది. అట్లా ఉన్నా, బజారుకు రెండు వైపులా ఉన్న అరవై మడిగెల్లో యాభై పైచిలుకు నాలాంటి వాళ్ళవే. ఇందులో మాయా లేదు, మంత్రమూ లేదు. ప్రతి సేటుకూ ఒక 'పేరు' ఉంటుంది. పాలేరు పేరో, వాకిలి ఊడ్చే మనిషి పేరో, బస్తాలు మోసే హమాలీ పేరో. కాగితం మీద భూమి ఆ పేరుది. పేరిచ్చినందుకు దసరాకు ఒక చీరో, లుంగీనో, కిలో మాంసమో ముడుతుంది. పేరిచ్చినవాళ్ళు చీర కట్టుకుంటారు, మాంసం వండుకుంటారు, సంగతి మర్చిపోతారు. సేటు మర్చిపోడు. కాగితాలు బీరువాలో పెట్టి తాళం వేసుకుంటాడు. మా ఊళ్ళో ఇంతమంది పెద్దమనుషులు ఇంతకాలం ఒక్క మాట మీద నిలబడ్డ వ్యవహారం ఇంకొకటి లేదు.

గుగులోత్ సక్రి ఇరవై ఏళ్ళ కిందట తండా నుంచి వచ్చి సదానందం సేటు ఎరువుల దుకాణంలో పనికి కుదిరింది. ఊడ్చేది, మందు డబ్బాలు సర్దేది, సేటు భార్యకు నడుం నొప్పి వస్తే ఇంట్లో గిన్నెలు కూడా తోమేది. ఆమె భర్త లక్ష్మణ్ భూపాలపల్లిలో బొగ్గు లారీల మీద క్లీనరు. లారీ బోల్తా పడి పోయాడు. అప్పటికి బిడ్డ మౌనిక రెండో తరగతిలో ఉంది. సేటు దినాలకు బియ్యం పంపాడు. ఆ బియ్యం సంగతి తర్వాత పన్నెండేళ్ళ పాటు నెలకోసారైనా చెప్పాడు. ఆ బియ్యం ఇన్నాళ్ళు వచ్చిందంటే సన్నబియ్యమే అయి ఉండాలి.

భర్త పోయాక సక్రి పని మానేసి, సేటుకున్న మూడు మడిగెల్లో చివరిది కిరాయికి అడిగింది. పొయ్యి పెట్టి జొన్నరొట్టెలు చేయడం మొదలుపెట్టింది. మొదట్లో మిల్లు హమాలీలే తినేవాళ్ళు. తర్వాత ఊళ్ళో ఆఫీసర్లకు వరసబెట్టి షుగరు వచ్చింది, సక్రి దశ తిరిగింది. సాయంత్రం అయిదింటికి పీట మీద ఆమె చెయ్యి చప్పుడు మొదలైతే, నా షాపు ముందు జీపులు ఆగేవి. పచ్చిమిరపకాయ తొక్కు వేసుకుని కళ్ళనీళ్ళు పెట్టుకుంటూ తినేవాళ్ళు. ఆ రొట్టెల మీదే మౌనిక మానుకోటలో డిగ్రీ చదువుతోంది. మహబూబాబాద్ అని బోర్డు మీద రాస్తారు గానీ మేమంతా మానుకోట అనే అంటాం.

సదానందం సేటు చెడ్డవాడని నేననను. జాగ్రత్త మనిషి. సక్రి తన దగ్గర పనిచేసిన మనిషే అయినా కిరాయినామా రాయించుకున్నాడు. నెలనెలా రసీదు ఇచ్చేవాడు, రెండో ముక్క మీద వేలిముద్ర తీసుకునేవాడు. ఇంటిపన్ను ఏ యేటికాయేడు కట్టి, ఆ రసీదులు కూడా దాచేవాడు. "రేపొద్దున ఎవరి బుద్ధి ఎట్ల తిరుగుతదో" అనేవాడు. ఆయన్ని ముంచింది ఈ జాగ్రత్తే.

పోయిన ఏడాది ఎండాకాలం బంగారం మీద అప్పులిచ్చే కంపెనీ వాళ్ళు ఎవరో వచ్చి మూడు మడిగెలూ కలిపి కావాలన్నారు. ఆ సాయంత్రమే సేటు సక్రి పొయ్యి ముందుకు వచ్చి నిలబడ్డాడు.

"ఏ సక్రీ, ఒకటో తారీకు వరకు మడిగె ఖాళీ చెయ్యి. కంపెనోళ్ళు వస్తున్నరు. అద్దాల తలుపులు పెడతరట."

"ఏడికి పోవాలె సేటూ? పన్నెండేండ్ల సంది పొయ్యి గీడనే ఉన్నది."

"పొయ్యి ఏడ పెట్టినా మండుతది."

"పొయ్యి మండుతది సేటూ, గిరాకి రాదు. పిల్ల సదువు ఇంకొక్కేడు ఉన్నది. జర ఆగు."

"దినాలకు బియ్యం పంపినోన్ని నేను. నాకే ఎదురు మాట్లాడుతున్నవా?"

సక్రి పొయ్యిలోకి కట్టె తోసింది. రొట్టె తిప్పింది. ఒకటో తారీకు వచ్చింది, పోయింది, సక్రి ఖాళీ చేయలేదు. మా బజారులో ఇట్లాంటప్పుడు నలుగురు పెద్దమనుషులు కూర్చుని కిరాయిదారును కేకలేసి పంపిస్తారు. కోర్టుకు ఎవరూ పోరు. కోర్టుకు పోతే కాగితం విప్పాలి. కానీ సేటుకు రోషం వచ్చింది. పాత వకీలు బతికుంటే రెండు తిట్టి కూర్చోబెట్టేవాడు. ఆయన పోయాక జనగామ నుంచి ఒక కుర్ర వకీలు మానుకోటలో ఆఫీసు పెట్టాడు. ఫోన్లో విషయం విని, "ఓనర్‌షిప్ ప్రూఫ్ పంపండి సేటూ, చూసుకుంటా" అన్నాడట.

సేటు బీరువాలోని ఫైలంతా తెచ్చి నా ముందు పెట్టాడు. "అన్నీ తియ్యి వెంకన్నా, ఒక్కటి ఇడ్వకు" అన్నాడు. ఒక్కటీ విడవకుండా తీశాను. రిజిస్ట్రేషన్ కాగితం మీద కొన్నది గుగులోత్ సక్రి, భర్త లక్ష్మణ్. ఇంటిపన్ను రసీదుల మీద గుగులోత్ సక్రి. కరెంటు మీటరు గుగులోత్ సక్రి. కిరాయినామాలో కిరాయిదారు గుగులోత్ సక్రి. అన్నీ చూశాను. సేటుకు ఒక్క మాట చెప్పాల్సింది, చెప్పలేదు. ఎదురుగా రొట్టెలు చేసుకుంటున్న ఆమెకు చెప్పాల్సింది, అదీ చెప్పలేదు. కాపీల డబ్బులు తీసుకుని, ఫైలుకు దారం కట్టి ఇచ్చాను. ఆ కట్ట మానుకోట బస్సు డ్రైవరు చేతికి పోయింది.

అక్కడ వకీలు ఏదో పెళ్ళికి పోయాడట. నోటీసు రాసింది గుమస్తా. హక్కుదారు పేరు హక్కు కాగితంలోంచి తీసుకున్నాడు, కిరాయిదారు పేరు కిరాయినామాలోంచి తీసుకున్నాడు. రెండూ ఒకటే ఉన్నాయేమిటని అనుమానం రాలేదా అంటే, వచ్చిందట పాపం. "తండాల ఇంటికొక సక్రి ఉంటది, మొగడు లక్ష్మణే ఉంటడు" అనుకున్నాడట. మా దగ్గర చదువుకున్నవాళ్ళకు తండా మనుషులంతా ఒక్కలాగే కనిపిస్తారు. ఈసారి మాత్రం ఆ ఇద్దరూ నిజంగానే ఒక్కలాగే ఉన్నారు.

వారం తిరక్కుండా రిజిస్టర్ పోస్టు వచ్చింది. ఆ రోజు కాలేజీకి సెలవు, మౌనిక తల్లి దగ్గరే మడిగెలో ఉంది. మడిగె మెట్టు మీద ఎప్పటిలాగే గట్టమ్మ కూర్చుని ఉంది. గట్టమ్మ కోయ ముసలమ్మ. చీపుర్లు, తునికి పండ్లు, ఇప్పపువ్వు, ఏ కాలానికి ఏది దొరికితే అది గంపలో పెట్టుకుని ఆ మెట్టు మీద అమ్ముకుంటుంది. నేను ఈ ఊరు వచ్చేనాటికే అక్కడ ఉంది. మెట్టుకు కిరాయి ఉండదు కాబట్టి ఆమె జోలికి ఏ కాగితమూ రాలేదు.

మౌనిక కవరు చించి గట్టిగా చదివింది. నా షాపులోకి వినిపించింది.

"నా క్లయింటు శ్రీమతి గుగులోత్ సక్రి, భర్త కీర్తిశేషులు లక్ష్మణ్, సదరు ఆస్తికి సంపూర్ణ హక్కుదారు. మీరు, అనగా శ్రీమతి గుగులోత్ సక్రి, భర్త కీర్తిశేషులు లక్ష్మణ్, సదరు మడిగెలో కిరాయిదారుగా ఉంటూ, ఖాళీ చేయమని నా క్లయింటు పలుమార్లు నోటిమాటగా కోరినప్పటికీ పెడచెవిన పెట్టి, ఆమెను తీవ్ర మనోవేదనకు గురిచేస్తున్నారు. నా క్లయింటుకు సదరు మడిగె సొంత అవసరానికి కావలసి ఉన్నది. పదిహేను రోజుల్లో ఖాళీ చేయనిచో..."

అక్కడ ఆగిపోయి మళ్ళీ మొదటి నుంచి చదువుకుంది. తల్లీబిడ్డలు మామూలుగా వాళ్ళ లంబాడీ భాషలోనే మాట్లాడుకుంటారు. ఆ రోజు మాత్రం, అమ్మను పిలిచే 'యాడీ' తప్ప, అంతా తెలుగులోనే అంది.

"యాడీ, నిన్ను ఖాళీ చెయ్యమంటున్నది నువ్వే."

"నేనెప్పుడన్న?" అంది సక్రి.

"పలుమార్లు అన్నవట. నువ్వు ఇనకుంట నీకు మనోవేదన పెడుతున్నవట."

"మనోవేదన అంటే ఏంది?"

"మనసుకు బాధ."

"గది నిజమే" అంది సక్రి. "మిగతాది ఏందో వెంకన్నను అడిగొస్త."

కాగితం పట్టుకుని రోడ్డు దాటి నా దగ్గరకు వచ్చింది. "అన్నా, గిదేందో జర సమజ్ చెయ్యి. ఈ సక్రి ఎవ్వలు?" అంది. ఆ పేరున్న కాగితాలన్నీ నా చేతుల మీదుగా పోయాయి. "నువ్వే" అనే ఒక్క మాట అంటే చాలు. కానీ ఆమె పేరు బయటపడితే ఆ వరసలో నా టీక్యా పేరు కూడా బయటపడుతుంది. నా షాపు పక్క తండా జాటోత్ టీక్యా పేరు మీద ఉంది. ఇప్పుడు చెప్పాను కదా, అయిపోయింది. "ఏమో సక్రీ, టైపింగుల తప్పు పడ్డదేమో" అన్నాను. ఆ మాట అంటున్నప్పుడు నా మీద నాకే అసహ్యం వేసింది. అసహ్యం వేసినా మాట మార్చలేదు.

మౌనిక వచ్చి కాగితం నా చేతిలోంచి తీసుకుంది. "నువ్వు చెప్పకున్న ఏం గాదన్నా. పంచాయతి ఆఫీసుల రికార్డు ఉంటది" అంది. గంటలో పోయి చూసి వచ్చింది. ఒకటి కాదు, మూడు మడిగెలూ సక్రివే. ఎరువుల దుకాణంతో సహా.

"యాడీ, ఎప్పుడన్న మానుకోట ఆఫీసుల ఏలుముద్ర పెట్టినవా?"

సక్రి వేళ్ళ మీద ఏళ్ళు లెక్కపెట్టుకుంది. "సేటు జీపుల తోల్కపోయిండు ఒకపారి. రేషన్ కార్డుకు అనుకున్న. ఏడేడ ముద్ర పెట్టిన్నో యాదిలేదు. బిర్యాని తినిపిచ్చిండు. దాంట్ల కోడిగుడ్డు ఉండె." గుడ్డు గుర్తుంది గానీ మూడు మడిగెలు గుర్తులేవు.

సక్రి చేతులు కడుక్కుని నేరుగా సేటు దుకాణానికి పోయింది. సక్రి పట్టుకున్న నోటీసును సేటు చదివాడు. కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ చదివాడు. "తప్పు పడ్డది. ఇటియ్యి, ఇంకోటి పంపిస్త" అన్నాడు.

"ఇస్త సేటూ. జిరాక్స్ తీయించుకోని ఇస్త."

తీయించుకుంది. పది కాపీలు. నేనే తీశాను. మిల్లు హమాలీలకు ఒకటి, రొట్టెలకు వచ్చే ఎమ్మార్వో ఆఫీసు ఉద్యోగికి ఒకటి, తండా పెద్దకు ఒకటి ఇచ్చింది. ఒకటి తన మడిగెలో దేవుడి పటం పక్కన మేకుకు గుచ్చింది. ఆ సాయంత్రం మా బజారులో సేట్లంతా దీపాలు పెట్టకముందే షట్టర్లు దించేశారు.

మర్నాడు సేటు నా షాపులో కూర్చుని వకీలుకు ఫోన్ చేశాడు. చెవి సరిగ్గా వినబడదు కాబట్టి స్పీకర్ పెట్టాడు.

"సేటూ, ఖాళీ చేయించడానికి పట్టా ఎందుకండీ? కిరాయి ఎవరు తీసుకుంటే వాళ్ళే ఇంటాయన. పన్నెండేళ్ళ రసీదులున్నాయి మీ దగ్గర. అవొక్కటీ పంపి ఉంటే, ఇన్నేళ్ళు కిరాయి కట్టిన మనిషి నువ్వు ఇంటాయనవి కాదు అనడానికి కూడా నోరు పెగిలేది కాదు. హక్కు కాగితాలు ఎవరు పంపమన్నారు మిమ్మల్ని?"

"నువ్వే గదనయ్యా ప్రూఫ్ అడిగినవ్!"

"అడిగితే ఉన్నవన్నీ పంపుతారా? ఇప్పుడు ఆమే హక్కుదారు అని మనమే సంతకం పెట్టి, ఆమెకే రిజిస్టర్ పోస్టులో పంపాం."

సేటు ఫోన్ పెట్టేశాడు. ఆయన ముఖం చూస్తే నాకు నిజంగా జాలేసింది. ఎవరినీ నమ్మకుండా ఇరవై ఏళ్ళు ప్రతి కాగితమూ దాచుకున్నాడు. ఒక్క కాగితం పోగొట్టుకుని ఉన్నా బాగుపడేవాడు.

పెద్దమనుషుల పంచాయితీ పెట్టారు. రైసుమిల్లు షెడ్డుకు రమ్మని సక్రికి కబురు పంపారు. "పిండి తడిపిన. రావాలంటే మీరే రాండ్రి" అందామె. పన్నెండు మంది సేట్లు నడుచుకుంటూ వచ్చారు. హమాలీలు తినే బల్లల మీద కూర్చున్నారు. నేను వెనక నిలబడ్డాను. మెట్టు మీద గట్టమ్మ తునికి పండ్లు కుప్పలు పెట్టుకుంటోంది.

సదానందం సేటు గొంతు సవరించుకున్నాడు. "చూడు సక్రమ్మా..." అన్నాడు. ఇరవై ఏళ్ళలో మొదటిసారి ఆ 'అమ్మ' ఆయన నోటి నుంచి వచ్చింది. "పైసలు పెట్టింది నేను. కట్టింది నేను. పన్ను కట్టింది నేను. కిరాయి తీసుకున్నది నేను. నీది వట్టి పేరే గద. ఓనరంటే ఎవ్వలు, నువ్వే చెప్పు."

"నువ్వే సేటూ" అంది సక్రి, రొట్టె పెనం మీద వేస్తూ. "నేనెప్పుడన్న నాదన్ననా? నా పేరు తీసేసి నీ పేరు రాస్కో. రేపే ఏలుముద్ర పెడత. బిర్యాని గూడ అద్దు."

సేటు పక్కనున్నవాళ్ళ వైపు చూశాడు.

"రాస్కో సేటూ."

"రాస్కోరాదు" అన్నాడు సేటు, నేల చూస్తూ.

"ఎందుకు రాస్కోరాదు?"

ఎందుకో అక్కడున్న పన్నెండు మందికీ తెలుసు, వెనక నిలబడ్డ నాకూ తెలుసు. ఆ ఒక్క ముక్క ఎవరు పైకి అన్నా బజారు బజారంతా ఊడుతుంది. అందరం పెనం మీది రొట్టెనే చూస్తున్నాం. అది పొంగింది, సక్రి తిప్పింది.

"నాది గాదంటివి. నీది రాస్కోనంటివి. మరి గీ జాగ ఎవ్వలదే సేటూ?"

"మా నాయినది" అంది గట్టమ్మ.

తలెత్తి కూడా చూడలేదు, పండ్లు సర్దుకుంటూనే అంది. ఎవరో ఒకరు నవ్వారు, ఆ వెంటనే అందరం నవ్వాం. నవ్వి నవ్వి, ఆమె నవ్వడం లేదని చూసి ఆపేశాం. రిజిస్ట్రేషన్ కాగితంలో అమ్మిన మనిషి పేరు నేను చూశాను. ఆ పేరు కింద వేలిముద్రే ఉంది. తర్వాత తెలిసింది, అది గట్టమ్మ తండ్రిది.

కంపెనీ మనిషి మరోసారి వచ్చి, "ఓనర్ ఎవరండీ?" అని బజారంతా అడిగాడు. ఒక్కరూ చెప్పలేదు. భూపాలపల్లికి పోయి అక్కడ అద్దాల తలుపులు పెట్టుకున్నారని విన్నాను. ఇప్పుడు సక్రి సేటుకు కిరాయి ఇవ్వదు. సేటు తన రెండు మడిగెలకు సక్రికి కిరాయి ఇవ్వడు. ఒకరినొకరు ఖాళీ చేయమనరు. కనబడితే నమస్కారం పెట్టుకుంటారు. ఆ ఏడు దసరాకు మా బజారులో చీరల దుకాణం ఖాళీ అయిపోయింది. తండాలకు కిలో మాంసం పోయే చోటికి యాట, అంటే మొత్తం మేకపోతే, పోయింది. నేను కూడా కిలో మిఠాయి కట్టించుకుని టీక్యా ఇంటికి పోయాను. టీక్యా మంచం వేసి కూర్చోబెట్టాడు. మిఠాయి తీసుకుని, "వెంకన్నా, నాకు గూడ ఏమన్న నోటీసు వస్తదా?" అని అడిగాడు. నవ్వుతూనే అడిగాడు. 

సక్రి బోర్డు రాయించింది. 'సక్రి జొన్నరొట్టెల సెంటర్', కింద 'ప్రొప్రైటర్: గుగులోత్ సక్రి'. రెండు కొత్త బల్లలు కొన్నది. గిరాకీ పెరిగింది. మొన్న ఒక సాయంత్రం జనం ఎక్కువై, మెట్టు దగ్గర తోపులాట అయింది. సక్రి పొయ్యి దగ్గర నుంచే కేకేసింది.

"ఏ అవ్వా, జర పక్కకు జరుగు. గిరాకికి అడ్డమైతున్నవ్."

అది సదానందం సేటు గొంతే. పదేళ్ళ పాటు ఆయన అదే మాట అదే మెట్టు మీది మనిషితో అనడం నేను విన్నాను. గట్టమ్మ గంప దగ్గరకు లాక్కుంది.

"జరుగుత బిడ్డా" అంది. "కాగితం మాత్రం పంపకు. నాకు సదువు రాదు."

పీట మీద సక్రి చెయ్యి ఆగిపోయింది. బల్లల మీద ఉన్నవాళ్ళు రొట్టెల కోసం చూస్తున్నారు. ఆమె లేచి, పిండి చేతులతోనే వచ్చి, గంపను తానే ఎత్తి మడిగె లోపల, బోర్డు కింద, కొత్త బల్ల మీద పెట్టింది. "లోపటికి రా అవ్వా, నీడకు కూసో" అంది. 

గట్టమ్మ లేవలేదు. "వద్దు బిడ్డా, గీడనే మంచిగున్నది. మా నాయిన ఎడ్లను గీడనే కట్టేసేటోడు" అంది.